బీట్ తరం: తరచుగా అడిగే ప్రశ్నలు

రెండో ప్రపంచ యుద్ధం తర్వాత అమెరికాలో తలెత్తిన బీట్ సాహిత్య ఉద్యమం గురించి తెలుగు పాఠకులు తరచుగా అడిగే ప్రశ్నలకు ఇక్కడ సమాధానాలు ఇస్తున్నాము. ఈ ఉద్యమం చుట్టూ అల్లుకున్న కథల్లో ప్రయాణాలూ మత్తుమందులూ ఎక్కువగా కనిపిస్తాయి. ఆ పుస్తకాలను ఎలా రాశారు, ఎవరు అచ్చువేశారు, వాటి కోసం ఎవరు కోర్టు మెట్లెక్కారు అన్న సంగతులు మాత్రం అంతగా వినిపించవు. మా దృష్టిలో ఈ రెండో భాగమే ముఖ్యమైనది కనుక దానికే ఎక్కువ చోటు ఇచ్చాము.

బీట్ తరం రచయితలు అంటే ఎవరు?

ప్రధానంగా ముగ్గురి పేర్లు వినిపిస్తాయి: జాక్ కెరువాక్ (1922–1969), అలెన్ గిన్స్‌బర్గ్ (1926–1997), విలియం బరోస్ (1914–1997). కెరువాక్ మసాచుసెట్స్ రాష్ట్రంలోని లోవెల్ అనే మిల్లుల ఊరివాడు. ఇంట్లో ఫ్రెంచి మాట్లాడుకునే కుటుంబంలో పుట్టి, ఫుట్‌బాల్ స్కాలర్‌షిప్ మీద న్యూయార్క్‌లోని కొలంబియా విశ్వవిద్యాలయానికి వచ్చాడు. గిన్స్‌బర్గ్‌ది న్యూజెర్సీలోని యూదు కుటుంబం. తండ్రి బడిపంతులు, కవి కూడా, తల్లి కమ్యూనిస్టు. ఆ తల్లి మానసిక వ్యాధితో ఏళ్ల తరబడి ఆస్పత్రుల్లో గడపడం కొడుకు కవిత్వాన్ని చివరిదాకా వదలలేదు. బరోస్ సెయింట్ లూయిస్ నగరంలోని కలిగినవారి బిడ్డ, హార్వర్డ్‌లో చదివినవాడు, తక్కిన ఇద్దరికంటే బాగా పెద్దవాడు.

ఈ ముగ్గురూ 1944 ప్రాంతంలో కొలంబియా పరిసరాల్లో ఒకరికొకరు పరిచయమయ్యారు. టైమ్స్ స్క్వేర్‌లో చిల్లర దొంగతనాలతో బతికే హెర్బర్ట్ హంకీ, డెన్వర్ నుంచి వచ్చిన నీల్ కాసిడీ, జైల్లో ఉండగా పుస్తకాల రుచి మరిగిన గ్రెగరీ కోర్సో తర్వాత జతకూడారు. పడమటి తీరాన శాన్‌ఫ్రాన్సిస్కోలో గేరీ స్నైడర్, మైఖేల్ మెక్‌క్లూర్, ఫిలిప్ వేలెన్ వంటి కవులు అప్పటికే తమ దారిలో తాము రాస్తున్నారు. ఈ రెండు తీరాలూ 1955లో కలిసిన తర్వాతే దీన్ని ఉద్యమం అనడానికి వీలైంది.

దేశం యుద్ధం గెలిచి సంపన్నమవుతుంటే వీరికి తిరుగుబాటు ఎందుకు?

ఆ సంపద వెంట వచ్చిన భయమే ముఖ్య కారణం. హిరోషిమా తర్వాత అణుబాంబు నీడ అందరి మీదా పడింది. ప్రచ్ఛన్న యుద్ధం మొదలయ్యాక కమ్యూనిస్టు అన్న అనుమానం వస్తే చాలు, ఉద్యోగం పోయేది. విశ్వవిద్యాలయాల్లో అధ్యాపకుల చేత విధేయతా ప్రమాణాలు చేయించారు. 1953లో అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ జారీ చేసిన ఉత్తర్వు ఆధారంగా స్వలింగ సంపర్కులను కేంద్ర ప్రభుత్వ కొలువుల నుంచి ఏరివేశారు. గిన్స్‌బర్గ్ స్వలింగ సంపర్కి, కమ్యూనిస్టు తల్లికి కొడుకు. ఆ రెండు లెక్కల ప్రకారమూ ఆయన నోరు మూసుకుని బతకవలసినవాడే.

1949లో ఒక దొంగసొత్తు కేసులో ఇరుక్కున్న గిన్స్‌బర్గ్, జైలు తప్పించుకోవడానికి కొన్ని నెలలు మానసిక చికిత్సాలయంలో ఉన్నాడు. అక్కడే కార్ల్ సాలమన్ అనే యువకుడితో స్నేహం కుదిరింది. లోకం పిచ్చివాళ్లని ముద్ర వేసినవారి వైపు నిలబడి లోకాన్నే నిలదీసే 'హౌల్' అనే దీర్ఘకవితను ఆయన తర్వాత ఆ సాలమన్‌కే అంకితం చేశాడు.

ఆ పేరు ఎలా వచ్చింది?

చితికిపోయిన, అలసిపోయిన అనే అర్థంలో 'బీట్' అన్న మాటను హంకీ వాడేవాడు. అతని నోటి నుంచే మిత్రులు అందుకున్నారు. 1948లో రచయిత జాన్ క్లెలన్ హోమ్స్‌తో మాట్లాడుతూ కెరువాక్ తమ తరానికి ఆ పేరు పెట్టాడు, 1952 నవంబరులో న్యూయార్క్ టైమ్స్ ఆదివారం పత్రికలో హోమ్స్ రాసిన వ్యాసంతో అది జనంలోకి వెళ్లింది.

'ఆన్ ది రోడ్' నవలను మూడు వారాల్లో రాశారన్నది నిజమేనా?

సగం నిజం. 1951 ఏప్రిల్‌లో, మన్‌హాటన్‌లోని ఒక అపార్ట్‌మెంటులో, కాగితం మార్చడానికి ఆగవలసిన పని లేకుండా పొడవాటి పలుచని కాగితాలను ఒకదానికొకటి అతికించి, టైపు యంత్రంలోకి ఎక్కించి, పేరాలు కూడా విడగొట్టకుండా కెరువాక్ ఒక పూర్తి ప్రతిని సుమారు మూడు వారాల్లో టైపు చేసిన మాట వాస్తవం. ఆ కాగితపు చుట్ట పొడవు దాదాపు 120 అడుగులు. దాని చివరి భాగాన్ని ఒక మిత్రుడి కుక్క కొరికేసింది. 2001లో వేలానికి వచ్చినప్పుడు అది 24 లక్షల డాలర్లకు పైగా పలికింది.

మిగిలిన సగం ఎవరూ అంతగా చెప్పరు. ఆ నవల కోసం కెరువాక్ 1948 నుంచే నోటుపుస్తకాలు నింపుతున్నాడు, మొదలుపెట్టిన ప్రయత్నాలు ఒకటికి నాలుగు విడిచిపెట్టాడు. 1950 డిసెంబరులో నీల్ కాసిడీ రాసిన సుదీర్ఘమైన ఉత్తరం, మాట్లాడే వేగాన్ని వాక్యంలోకి ఎలా తేవాలో ఆయనకు చూపించింది. చుట్ట టైపు చేసిన తర్వాత కూడా ఆరేళ్లకు పైగా ప్రచురణకర్తల తిరస్కారాలు, సవరణలు, పేర్ల మార్పులు నడిచాయి. వైకింగ్ సంస్థలో సంపాదకుడు మాల్కమ్ కౌలీ పట్టు వదలకుండా నిలబడటం వల్ల 1957 సెప్టెంబరు 5న పుస్తకం బయటికి వచ్చింది. అదే రోజు న్యూయార్క్ టైమ్స్‌లో వచ్చిన సమీక్ష కెరువాక్‌ను ఒక్క రాత్రిలో ప్రముఖుణ్ణి చేసింది. అది రాయడం కాదు, టైపు చేయడం అని రచయిత ట్రూమన్ కపోటి ఎద్దేవా చేశాడు కానీ, నోటుపుస్తకాలను చూసినవారెవరూ ఆ మాట ఒప్పుకోరు. 'హౌల్' విషయంలోనూ ఇంతే. దాని చిత్తుప్రతులు 1986లో యథాతథంగా అచ్చయ్యాయి. ఒక్కో పాదాన్ని కవి ఎన్నిసార్లు కొట్టివేసి తిరిగి రాశాడో అందులో కళ్లారా చూడవచ్చు. రాసిందే వేదం అన్నట్టు దిద్దుబాటును చిన్నచూపు చూసే యువరచయితలు తరచుగా బీట్ కవులనే సాక్ష్యంగా తెస్తారు కనుక ఈ సంగతి ఇంత వివరంగా చెప్పవలసి వచ్చింది.

1955 అక్టోబరు 7 రాత్రి ఏమి జరిగింది?

శాన్‌ఫ్రాన్సిస్కోలో ఫిల్‌మోర్ వీధిలో, ఒకప్పుడు మోటారు రిపేరు షెడ్డుగా ఉండి చిత్రకళా ప్రదర్శనశాలగా మారిన సిక్స్ గ్యాలరీలో అయిదుగురు కవులు కవిత్వం చదివారు. పెద్దవాడైన కెన్నెత్ రెక్స్‌రాత్ సభ నడిపాడు. ఫిలిప్ లమాంటియా తన కవితలు పక్కన పెట్టి, చనిపోయిన మిత్రుడు జాన్ హాఫ్‌మన్ కవితలు చదివాడు. మెక్‌క్లూర్ తిమింగలాల ఊచకోత మీద కవిత వినిపించాడు. వేలెన్ కూడా చదివాడు. కెరువాక్ తాను చదవనని చెప్పి, వచ్చినవారి దగ్గర చిల్లర వసూలు చేసి, వైన్ జాడీలు తెచ్చి సభలో తిప్పాడు.

29 ఏళ్ల గిన్స్‌బర్గ్ అంతకు ముందు అంతమందిలో చదివి ఎరగడు. 'హౌల్' మొదటి భాగం దాదాపు అంతా ఒకే వాక్యం. ప్రతి పాదమూ 'హూ' (ఎవరైతే) అన్న ఒకే సంబంధ సర్వనామంతో మొదలై, ఒక్క ఊపిరిలో పట్టినంత దూరం సాగుతుంది. మొదట నెమ్మదిగా మొదలైన గొంతు పాదం పాదానికీ పెరుగుతూ పోయింది. పాదం ముగిసినప్పుడల్లా కెరువాక్ 'గో' అని కేకలు పెడుతూ జాజ్ కచేరీలో శ్రోతలు వాద్యగాణ్ణి ఎగదోసినట్టు ఎగదోశాడు. గిన్స్‌బర్గ్ తర్వాత స్నైడర్ చదివాడు. సభలో ఉన్న పుస్తక ప్రచురణకర్త లారెన్స్ ఫెర్లింగెట్టి, వెనకటి శతాబ్దంలో కవి విట్‌మన్‌ను అభినందిస్తూ తత్త్వవేత్త ఎమర్సన్ రాసిన మాటలను గుర్తుచేస్తూ గిన్స్‌బర్గ్‌కు సందేశం పంపి, రాతప్రతి ఎప్పుడు ఇస్తావని అడిగాడు.

కవిత్వం పుస్తకంలో కళ్లతో చదువుకునేది మాత్రమే అన్న అలవాటును ఆ రాత్రి మార్చింది. పద్యాన్ని రాగయుక్తంగా పాడుకున్న మనకు ఇందులో వింత కనిపించకపోవచ్చు. విశ్వవిద్యాలయాల విమర్శ పద్ధతులకు అలవాటుపడిన 1950ల అమెరికాకు మాత్రం అది పెద్ద కుదుపు.

'హౌల్' మీద కేసు ఎందుకు పెట్టారు? ఎలా ముగిసింది?

ఫెర్లింగెట్టి 1953లో పీటర్ మార్టిన్‌తో కలిసి ప్రారంభించిన సిటీ లైట్స్ పేపర్‌బ్యాక్ పుస్తకాల దుకాణం. అర్ధరాత్రి దాకా తెరిచి ఉండే ఆ దుకాణం 1955లో ప్రచురణలోకి దిగి, జేబులో పట్టే సైజు కవితా సంపుటాల వరుస మొదలుపెట్టింది. అందులో నాలుగవదిగా 1956లో 'హౌల్, ఇతర కవితలు' 75 సెంట్ల ధరకు వచ్చింది. అచ్చుపని ఇంగ్లండులో జరిగింది కనుక, 1957 మార్చి 25న రెండో ముద్రణకు చెందిన 520 ప్రతులను ఓడరేవులో కస్టమ్స్ అధికారులు పట్టుకున్నారు. పౌరహక్కుల సంఘం ఎదురు నిలవడంతో కేంద్ర ప్రభుత్వ న్యాయవాది కేసు నడపడానికి ఇష్టపడలేదు, ప్రతులు విడుదలయ్యాయి. ఆ వెంటనే జూన్‌లో నగర పోలీసులు మామూలు దుస్తుల్లో దుకాణానికి వచ్చి ఒక ప్రతి కొని, దాన్ని అమ్మిన షిగెయోషి మురావోను అరెస్టు చేశారు.

ఈ మురావో గురించి ఒక మాట చెప్పకుండా ముందుకు సాగలేము. జపాన్ మూలాలున్న అమెరికన్ పౌరుడైన ఆయనను యుద్ధకాలంలో కుటుంబంతో సహా ప్రభుత్వం నిర్బంధ శిబిరంలో పెట్టింది. అదే దేశం ఒక కవితా సంపుటం అమ్మినందుకు ఆయనకు రెండోసారి సంకెళ్లు వేసింది. బీట్ చరిత్రల్లో ఆయన పేరు తరచుగా ఒక్క పంక్తిలో ముగిసిపోతుంది. అది అన్యాయమని మా అభిప్రాయం.

విచారణ వేసవి అంతా సాగింది. గిన్స్‌బర్గ్ అప్పుడు దేశంలో లేడు. బోనులో నిలబడింది అమ్మినవాడూ, అచ్చువేసినవాడూ. మురావో ఆ పుస్తకం చదివాడని రుజువు చేయలేక అతని మీద ఆరోపణ కొట్టివేశారు. ఫెర్లింగెట్టి తరఫున జేక్ ఎర్లిక్ వాదించగా, అధ్యాపకులూ విమర్శకులూ మొత్తం తొమ్మిదిమంది ఆ కవిత సాహిత్య విలువ గురించి సాక్ష్యం చెప్పారు. న్యాయమూర్తి క్లేటన్ హార్న్ చర్చిలో ఆదివారం బైబిలు పాఠాలు చెప్పే మనిషి కావడంతో ప్రతివాదులకు ఆశ తక్కువే ఉండేది. 1957 అక్టోబరు 3న ఆయన ఇచ్చిన తీర్పు మాత్రం చరిత్రలో నిలిచిపోయింది: కొంతైనా సామాజిక ప్రాధాన్యం ఉన్న రచనను అశ్లీలమని నిషేధించరాదు, రచయిత తన మాటలను పస లేని సభ్యోక్తులకు కుదించుకోవలసి వస్తే పత్రికా స్వాతంత్ర్యానికి అర్థం ఉండదు అన్నది దాని సారాంశం.

తీర్పు వెలువడి 50 ఏళ్లు నిండిన 2007లో న్యూయార్క్‌లోని ఒక రేడియో కేంద్రం ఆ కవితను ప్రసారం చేయాలనుకుని, నియంత్రణ సంస్థ విధించగల జరిమానాకు భయపడి, చివరికి ఇంటర్నెట్‌లో మాత్రమే వినిపించింది. గెలిచిన హక్కును కూడా మళ్లీ మళ్లీ గెలుచుకోవలసి వస్తుంది.

బరోస్ సంగతి ఏమిటి?

1951 సెప్టెంబరు 6న మెక్సికో సిటీలో, తాగిన మత్తులో, గురి చూపిస్తానంటూ ఆయన తుపాకి పేల్చగా భార్య జోన్ వోల్మర్ ప్రాణాలు పోయాయి. ఆయన 13 రోజులు మాత్రమే జైల్లో ఉన్నాడు. ఈ సంఘటన తననెలా రచయితగా మార్చిందో ఆయన తర్వాత రాశాడు. చాలామంది విమర్శకులు దాన్నే పట్టుకుని కథ అల్లారు. తొలినాటి న్యూయార్క్ బృందంలో అందరి రాతప్రతులూ చదివి చర్చించిన తెలివైన పాఠకురాలు ఆమె. ఆమె చావును ఒకరి సాహిత్య జీవితానికి నాందిగా చదవడం మాకు సమ్మతం కాదు.

1957లో మొరాకోలోని టాంజియర్ నగరంలో బరోస్ గదిలో చెల్లాచెదురుగా పడి ఉన్న కాగితాలను కెరువాక్, గిన్స్‌బర్గ్, అలన్ ఆన్సెన్ కూర్చుని టైపు చేసి ఒక వరుసలో పెట్టారు. 'నేకెడ్ లంచ్' 1959లో పారిస్‌లో, 1962లో అమెరికాలో వెలువడింది. బోస్టన్‌లో దాన్ని నిషేధించగా 1966లో మసాచుసెట్స్ సర్వోన్నత న్యాయస్థానం ఆ నిషేధాన్ని రద్దు చేసింది.

ఉద్యమంలో స్త్రీలూ నల్లజాతి రచయితలూ లేరా?

ఉన్నారు; ఫొటోల్లో ఉన్నారు, పేర్లు మాత్రం చాలాకాలం రాయలేదు. గిన్స్‌బర్గ్ తన తల్లి మరణం మీద రాసిన 'కాడిష్' రాతప్రతిని టైపు చేసిన ఎలీస్ కోవెన్ స్వయంగా కవయిత్రి. ఆమె 1962లో ఆత్మహత్య చేసుకున్నాక తల్లిదండ్రుల వైపువారు రాతలు చాలావరకు తగలబెట్టారు. ఒక మిత్రుడి దగ్గర మిగిలిన నోటుపుస్తకం వల్ల కొన్ని కవితలు బతికాయి. 'ఆన్ ది రోడ్' విడుదలైన రాత్రి కెరువాక్‌తో కలిసి పత్రిక కొనడానికి వెళ్లిన జాయిస్ జాన్సన్, 1983లో 'మైనర్ క్యారెక్టర్స్' అనే జ్ఞాపకాల పుస్తకం రాసింది. రోడ్డు మీదికి వెళ్లే స్వేచ్ఛ మగవాళ్లకు ఉన్నప్పుడు ఆ గదుల అద్దె ఎవరు కట్టారో తెలుసుకోవాలంటే ఈ పుస్తకం చదవాలి.

కవయిత్రి డయాన్ డి ప్రీమా, నల్లజాతి కవి లెరాయ్ జోన్స్ కలిసి 1961 నుంచి 'ఫ్లోటింగ్ బేర్' అనే సైక్లోస్టైల్ పత్రిక నడిపారు. కాగితం, స్టెన్సిలు, తపాలా బిళ్లలు తప్ప పెట్టుబడి లేని ఆ పత్రిక మీద కూడా అశ్లీలత ఆరోపణతో కేసు నడిచింది, గ్రాండ్ జ్యూరీ అభియోగం మోపడానికి ఒప్పుకోలేదు. జోన్స్ 1965లో నల్లజాతి నాయకుడు మాల్కమ్ ఎక్స్ హత్య తర్వాత హార్లెమ్‌కు వెళ్లి నల్లజాతి కళా ఉద్యమానికి నాయకత్వం వహించాడు, అమీరి బరాకాగా పేరు మార్చుకున్నాడు. శాన్‌ఫ్రాన్సిస్కో వీధుల్లో కవిత్వం చెప్పి పదేపదే పోలీసుల చేత చిక్కిన బాబ్ కాఫ్‌మన్‌కు ఫ్రాన్స్‌లో దొరికినంత గౌరవం సొంత దేశంలో దొరకలేదు. చార్లీ పార్కర్ వంటి నల్లజాతి జాజ్ విద్వాంసుల నుంచి ఊపిరి తీరు నేర్చుకున్నామని కెరువాక్, గిన్స్‌బర్గ్ బాహాటంగానే చెప్పారు. అయినా కెరువాక్ రాతల్లో నల్లవాళ్ల బతుకు ఆనందమయంగా కనిపించే చోట్లు ఈ రోజు చదివితే నొప్పి కలిగిస్తాయి.

గిన్స్‌బర్గ్ భారతదేశంలో ఏం చేశాడు?

1962 ఫిబ్రవరిలో సహచరుడు పీటర్ ఓర్లోవ్‌స్కీతో కలిసి బొంబాయిలో ఓడ దిగి, 1963 మే దాకా ఇక్కడే ఉన్నాడు. అప్పటికే భారతదేశంలో ఉన్న స్నైడర్, ఆయన భార్య అయిన కవయిత్రి జోఆన్ కైగర్‌లతో కలిసి ధర్మశాలలో దలైలామాను చూశాడు. కలకత్తాలో నెలల తరబడి ఉండి, సునీల్ గంగోపాధ్యాయ, శక్తి చటోపాధ్యాయ వంటి యువకవులతో తిరిగాడు. నిమ్‌తలా శ్మశానఘాట్‌లో రాత్రులు గడిపాడు. తర్వాత కాశీలో దశాశ్వమేధ ఘాట్ దగ్గర మేడ మీద గది తీసుకున్నాడు. ఆనాటి డైరీలు 1970లో అచ్చయ్యాయి. వాటిలో గొప్ప తత్త్వాలకంటే ఘాట్ మెట్ల మీద చావుకు దగ్గరైన బిచ్చగాళ్లకు ఆయన చేసిన సేవ, చూసినది చూసినట్టు రాసిన పంక్తులు విలువైనవి. మత్తుమందులతో దివ్యదర్శనాల కోసం వెతకడం మాని శరీరంలోకి, ఉన్న లోకంలోకి తిరిగి రావాలన్న నిర్ణయం ఈ ప్రయాణం చివర 1963 జూలైలో జపాన్ రైల్లో రాసిన కవితలో కనిపిస్తుంది. 1971లో మళ్లీ వచ్చి తూర్పు బెంగాల్ శరణార్థుల శిబిరాలను చూసి, జెస్సోర్ రోడ్డు మీద రాసిన దీర్ఘగీతం లక్షలమంది కష్టాన్ని అమెరికన్ల చెవిన వేసింది.

బెంగాల్ హంగ్రీ తరం, తెలుగు దిగంబర కవులు బీట్‌లకు అనుకరణలా?

కాదు. బెంగాలీ యువకవుల బృందమైన హంగ్రీ తరం తొలి ప్రకటన 1961 నవంబరులో, అంటే గిన్స్‌బర్గ్ ఇక్కడికి రాకముందే, పాట్నా నుంచి వెలువడింది. 1964లో ఆ బృందంలోని మలయ్ రాయ్‌చౌధురిని ఒక కవిత కోసం అరెస్టు చేసినప్పుడు గిన్స్‌బర్గ్ ఉత్తరాలు రాసి అండగా నిలిచాడు. కింది కోర్టు వేసిన శిక్షను 1967లో కలకత్తా హైకోర్టు కొట్టివేసింది.

నగ్నముని, నిఖిలేశ్వర్, జ్వాలాముఖి, చెరబండరాజు, భైరవయ్య, మహాస్వప్న అన్న మారుపేర్లతో ఆరుగురు దిగంబర కవులు 1965 మేలో హైదరాబాదులో ఒక రిక్షా కార్మికుడి చేత అర్ధరాత్రి తమ తొలి సంపుటిని ఆవిష్కరింపజేశారు. 1966లో విజయవాడలో, 1968లో విశాఖపట్నంలో మిగిలిన రెండు సంపుటాలూ వచ్చాయి. అశ్లీలమన్న నింద, ఉలిక్కిపడేలా చేసే భాష, పేరు మార్చుకుని పాత మనిషిని వదిలేయడం వంటి పోలికలు పైకి కనిపిస్తాయి. మూలంలో దారులు వేరు. బీట్ కవి సంపన్న దేశంలో ఉండి ఆ సంపదను వద్దనుకున్నాడు. దిగంబర కవి స్వాతంత్ర్యం వచ్చి 18 ఏళ్లయినా తీరని ఆకలిని, కుళ్లిన రాజకీయాలను చూసి మండిపడ్డాడు. అందుకే బీట్‌లలో పలువురు బౌద్ధం వైపు వెళ్లగా, దిగంబరుల్లో నలుగురు 1970లో ఏర్పడిన విప్లవ రచయితల సంఘంలో చేరారు.

బీట్నిక్‌లు అంటే వీరేనా?

కాదు. సోవియట్ ఉపగ్రహం స్పుత్నిక్ ఎగిరిన కొన్ని నెలలకు, 1958 ఏప్రిల్‌లో, శాన్‌ఫ్రాన్సిస్కో పత్రికా రచయిత హెర్బ్ కేన్ ఆ మాట పుట్టించాడు. నల్ల స్వెటరు, గడ్డం, బొంగో డప్పు అన్న వేషం టీవీలూ దుకాణాలూ అమ్ముకున్న సరుకు. కెరువాక్‌కు ఆ మాట గిట్టేది కాదు.

తర్వాతి కాలం మీద వీరి ప్రభావం ఎంత?

నీల్ కాసిడీ 1964లో నవలా రచయిత కెన్ కీసీ బృందపు బస్సు నడిపాడు. 1967 జనవరిలో గోల్డెన్ గేట్ పార్కులో హిప్పీల మహాసభ వేదిక మీద గిన్స్‌బర్గ్, స్నైడర్, మెక్‌క్లూర్ ఉన్నారు. 1975లో గాయకుడు బాబ్ డిలన్, గిన్స్‌బర్గ్ కలిసి లోవెల్ వెళ్లి కెరువాక్ సమాధి దగ్గర కవితలు చదివారు. కెరువాక్ మాత్రం హిప్పీలను తన వారసులుగా ఒప్పుకోకుండానే, తాగుడు వల్ల కాలేయం పాడై 47వ ఏట కన్నుమూశాడు.

సంస్థల రూపంలో మిగిలినది ఇంకా గట్టిది. 1974లో గిన్స్‌బర్గ్, కవయిత్రి ఆన్ వాల్డ్‌మన్ కొలరాడోలోని నరోపా అనే బౌద్ధ విద్యాసంస్థలో కెరువాక్ పేరిట కవిత్వ పాఠశాల స్థాపించారు. స్నైడర్ కవితా సంపుటి 'టర్టిల్ ఐలాండ్' 1975లో పులిట్జర్ బహుమతి పొందింది. అడవి, నీరు, నేల గురించి ఆయన రాసినది పర్యావరణ ఉద్యమానికి ఆలోచనా బలం ఇచ్చింది. ఫెర్లింగెట్టి 2021లో 101 ఏళ్ల వయసులో మరణించాడు. సిటీ లైట్స్ దుకాణం కొలంబస్ అవెన్యూలో ఇప్పటికీ నడుస్తోంది.

ఏ పుస్తకంతో మొదలుపెట్టాలి?

'హౌల్'ను ముందు కవి గొంతులో వినండి, రికార్డింగులు సులువుగా దొరుకుతాయి. తర్వాత 'ఆన్ ది రోడ్', 'మైనర్ క్యారెక్టర్స్' రెండూ పక్కపక్కన పెట్టుకుని చదవండి. ఒకదానిలో లేనిది రెండోదానిలో ఉంటుంది. అడవిలో దారులు వేసే కూలిపని చేస్తూ స్నైడర్ రాసిన 'రిప్‌రాప్' చిన్న పుస్తకం, ఇంగ్లిషు అంతగా రానివారికి కూడా అందుతుంది. 'కాడిష్' మాత్రం కూర్చున్న చోటు నుంచి లేవకుండా, వీలైతే పైకి చదవవలసిన కవిత.